రైతు బొమ్మ వేసే ముందు కాటా బొమ్మ వేయండి

మీ ప్రశ్న నాకు అర్థమైనంతలో ఇది. మీది చీపురుపల్లి దగ్గర పల్లె. వైజాగ్‌లో ఫైన్ ఆర్ట్స్ చదివారు. నాన్నగారికి రెండెకరాలు సొంతం, ఇంకో మూడెకరాలు కౌలు. మొన్న ధాన్యం అమ్మకంలో తూకం దగ్గర నష్టపోయారు. ఆ సంగతి, వ్యవసాయం చుట్టూ జరిగే మిగతా సంగతులు బొమ్మల్లో చెప్పాలని ఉంది. గ్యాలరీకి వేయాలా, ఊరి గోడల మీద వేయాలా, పార్టీ పోస్టర్‌లా కాకుండా ఎలా వేయాలి, అసలు దీనివల్ల ఏమైనా మారుతుందా అని అడిగారు.

నేను విజయనగరంలో ఉంటాను. సైన్‌బోర్డులు, ఎన్నికల గోడరాతలతో మొదలుపెట్టి, తర్వాత డ్రాయింగ్ మాస్టారిగా పనిచేసి, ముప్పై ఏళ్లుగా పల్లెల మీద బొమ్మలు వేస్తున్నాను. సూటిగా నా జవాబు: రైతు ఏడుపు గీయకండి. ఆ ఏడుపు ఏ చోట, ఎవరి చేతి మీదుగా, ఎన్ని కిలోల లెక్కన మొదలవుతోందో అది గీయండి. ముందు ఊళ్లో చూపించండి, గ్యాలరీ సంగతి తర్వాత. మారుతుందా అంటే, ధాన్యం ధర మారదు. కాటా దగ్గర నలుగురు నిలబడే తీరు కొంచెం మారడం మాత్రం ఒకసారి చూశాను. అది కింద చెప్తాను.

ఈ జవాబు నాకు పుస్తకాల్లో దొరకలేదు. ఒక పెద్ద బొమ్మ పాడుచేసుకున్నాక వచ్చింది. అప్పట్లో ఆరడుగుల కాన్వాసు మీద ఆయిల్ రంగుల్లో వేశాను. నేలంతా బీటలు, మధ్యలో తలపాగా రైతు, ఆకాశం వైపు చూపు, వెనక ఎండిన చెట్టుకు వేలాడే తాడు. వైజాగ్ ప్రదర్శనలో బాగా మెచ్చుకున్నారు. ఒకావిడ కళ్లు కూడా తుడుచుకుంది. ఆ పొగరుతో దాన్ని మా ఊరు పట్టుకెళ్లి రామమందిరం అరుగు మీద నిలబెట్టాను. మా చిన్నాన్న చాలాసేపు చూసి, "ఏ ఊరి బీటలురా ఇవి? మన చేను ములిగిపోయి పోయింది గానీ ఎండి పోనేదు కదా" అన్నాడు.

అంతే, బొమ్మ అయిపోయింది. కోత కోసి కుప్పలు వేసే వేళకు తుపాను రావడం, పనలు నీళ్లలో నాని మొలకెత్తడం మా ఊరి కష్టం. నేను గీసింది పత్రికల్లో చూసిన ఎక్కడిదో కరువు. మా ఊరి కష్టాన్ని చూడకుండానే దాని మీద జాలి పడ్డాను. ఇంకో మాట. ఆ బొమ్మలో రైతు ఉన్నాడు, ఆకాశం ఉంది, మధ్యలో మనిషన్నవాడే లేడు. అంటే తప్పంతా దేవుడిదే అని నేనే గీసి పెట్టాను. మిల్లు లేదు, అప్పు కాగితం లేదు, భూమి యజమాని లేడు. సమాజాన్ని విమర్శిస్తున్నానని ఊరంతా చెప్పుకున్నాను గానీ, ఆ బొమ్మలో విమర్శకు గురైన వాడెవడూ లేడు.

మిలే అనే ఫ్రెంచి చిత్రకారుడు 1857లో వేసిన బొమ్మ ఒకటి మీ చదువులో వచ్చే ఉంటుంది. కోత అయిన చేలో ముగ్గురు ఆడవాళ్లు వంగి పరిగె ఏరుకుంటుంటారు. మాస్టారు పాఠంలో ఆ ముగ్గురి నడుముల గురించి చెప్పి వదిలేసి ఉంటారు. ఈసారి వెనక చూడండి. దూరంగా ఆకాశాన్ని తాకే కుప్పలు, నిండిన బండి, కుడివైపు చివర గుర్రం మీద అజమాయిషీ చేసే మనిషి, చాలా చిన్నగా. ముందు పరిగె, వెనక కుప్పలు. ఎవరూ ఏడవడం లేదు. అయినా పారిస్‌లో పెద్దమనుషులకు ఆ బొమ్మ గుచ్చుకుంది. ముందువైపు ఎంత, వెనకవైపు ఎంత అనే తేడాయే ఆ బొమ్మకు బలం. మన దగ్గర పరిగె అనే మాట ఇంకా బతికే ఉంది కాబట్టి ఈ బొమ్మ మనకు వివరించి చెప్పనక్కర్లేదు. మా అమ్మకు ప్రింటు చూపిస్తే, "ఆ గుర్రం వాడు ఏరుకోనిస్తాడా, తరిమేస్తాడా?" అని మాత్రం అడిగింది.

సరే, కాటా సంగతి. 2025-26 సీజన్‌కు సాధారణ రకం ధాన్యానికి కనీస మద్దతు ధర క్వింటాలుకు 2,369 రూపాయలు. ఎనభై కిలోల బస్తా అంటే 1,895 రూపాయలు. తేమ 17 శాతం దాటకూడదని నిబంధన. మంచు పడే రోజుల్లో, బరకాలు కప్పుకుని, తారురోడ్డు మీద ఆరబెట్టుకునే మనిషికి ఆ 17 ఎంత టెన్షనో మీకు నేను చెప్పక్కర్లేదు. తేమ ఉందని, తాలు ఉందని, నూక పోతుందని బస్తాకు రెండు కిలోలు ఎక్కువ తూస్తే రైతుకు పోయేది 47 రూపాయలు. వినడానికి ఒక టీ, రెండు ఇడ్లీ. వంద బస్తాలకు 4,738. దీన్ని ఏడుపు మొహంతో ఎలా గీస్తారు? గీయలేరు. దీనికి వేరే బొమ్మ కావాలి.

నేను చేసింది ఇది. (అప్పటి ధర వేరు, పద్ధతి అదే.) గోనెసంచులు విప్పి, కలిపి కుట్టి, పొడవాటి గుడ్డ చేశాను. దాని మీద 82 గళ్లు గీశాను, గడికి కిలో. ఎనభై తెల్లవి, రెండు జేగురు రంగువి. చివర ఒక చెయ్యి, చేతిలో చీటీ, చీటీ మీద 80 అని అంకె. మొహాలు లేవు, నినాదం లేదు. నూర్పుల రోజుల్లో కళ్లం పక్కన రెండు తాటిచెట్ల మధ్య కట్టాను.

మొదట పిల్లలు లెక్కపెట్టారు. తర్వాత పెద్దవాళ్లు లెక్కపెట్టారు. ఒక ముసలమ్మ వచ్చి, "సంచి బరువేదీ?" అంది. నిజమే, మర్చిపోయాను. అక్కడికక్కడే ఒక గడి చేర్చాను. ఇంకొకాయన మచ్చు సంగతి ఎత్తాడు. ఇనప గొట్టం బస్తాలో గుచ్చి చూడ్డానికి తీసిన గుప్పెడు గింజలు మళ్లీ ఆ బస్తాలో పడవట. దానికి ఒక చిన్న గడి. హమాలీ డబ్బులు, బండి కిరాయి, మిల్లు దగ్గర బండి ఆగిపోతే వెయిటింగు డబ్బులు... సాయంత్రానికి నా బొమ్మ కింద వాళ్ల బొమ్మ ఒకటి తయారైంది. నేను వేసిన 82 గళ్ల కంటే వాళ్లు చేర్పించిన ఏడెనిమిది గళ్లే అసలు బొమ్మ అని నాకు ఇప్పటికీ అనిపిస్తుంది. గ్యాలరీలో ఇది జరగదు. అక్కడికొచ్చేవాళ్లకు మచ్చు గొట్టం ఎలా ఉంటుందో తెలీదు కాబట్టి మిమ్మల్ని సరిదిద్దేవాడు ఉండడు. మీ తప్పు పట్టగలిగిన వాళ్లకు ముందు చూపించండి అని నేననేది అందుకే.

మరుసటి ఏడు కోతలప్పుడు ఆ ఊరి కుర్రాళ్లు నలుగురు ఇరవై కిలోల తూకం రాయి ఒకటి ఎక్కడి నుంచో తెచ్చి, బస్తాలు ఎక్కించే ముందు కాటా మీద పెట్టి చూడ్డం మొదలెట్టారు. మారుతుందా అని అడిగారుగా, నేను చూసిన మార్పు అంతే. అది కూడా నా బొమ్మ వల్లే అని చెప్పలేను, వాళ్లలో ఒకడు హైదరాబాదులో గోడౌన్‌లో పనిచేసి వచ్చాడు.

ఇక నష్టం సంగతి. అదే బొమ్మను పెద్దగా చేసి పక్క ఊళ్లో మా మేనమామ కొడుకు ఇంటి గోడ మీద వేశాను. పదిహేను రోజులకు ఆ గోడ తెల్లగా ఉంది. సున్నం కొట్టింది వాడే. ఎరువులకూ పెట్టుబడికీ వాడు అడ్వాన్సు తీసుకున్నది ధాన్యం కొనే మనిషి దగ్గరే. ఆ పెద్దమనిషి బెదిరించలేదు, కనీసం కోప్పడలేదు. "మీ గోడ బాగుందయ్యా" అన్నాడట, అంతే. మా వాడు నాతో, "బొమ్మ నీదే బావా, అప్పు నాది కదా" అన్నాడు. నాకు ఆ రాత్రి నిద్ర పట్టలేదు. ధైర్యం నాది, మూల్యం వాడిది.

అందుకని గోడ అడిగే ముందు ఆ ఇంటాయన ఎవరికి బాకీ ఉన్నాడో కనుక్కోండి. పంచాయతీ గోడో, స్కూలు గోడో అయితే కాగితం మీద అనుమతి తీసుకోండి. ఫలానా మనిషి అని గుర్తుపట్టేలా మొహం గానీ, మిల్లు పేరు గానీ, బండి నంబరు గానీ వేయకండి. కేసు భయం ఒకటే కాదు, మొహం వేయగానే జనం "వాడు వెధవ" అని నవ్వుకుని వెళ్లిపోతారు, పద్ధతి మీదికి చూపు పోదు. రంగుల విషయంలోనూ జాగ్రత్త. మన దగ్గర పసుపు ఒక పార్టీ, నీలం-ఆకుపచ్చ ఒక పార్టీ, ఎరుపు ఇంకోటి. పోస్టర్‌లా కాకుండా ఎలా అన్నారు కదా, సగం పోస్టర్ అక్కడే తయారవుతుంది. నేను జేగురు, సున్నం, మసి తప్ప ఊరి గోడ మీద ఇంకేదీ వాడను.

మన వైపు ఇలాంటి విమర్శకు పాట తోడున్నంతగా బొమ్మ లేదు. శ్రీకాకుళం అనగానే విప్లవ కవి సుబ్బారావు పాణిగ్రాహి పాడిన జముకుల కథ గుర్తొస్తుంది, జానపద గాయకుడు వంగపండు గజ్జె గుర్తొస్తుంది. బొమ్మ అనగానే వడ్డాది పాపయ్య గారు గుర్తొస్తారు. ఆయన శ్రీకాకుళంలోనే పుట్టారు, ఆ రంగులకు నేనూ దాసుణ్నే, కానీ ఆ పురాణాల, అందాల లోకం వేరు. కాబట్టి మీరు బెంగాల్ వైపు కూడా చూడాలి. 1943 కరువులో జైనుల్ ఆబెదీన్ అనే చిత్రకారుడు చవక పొట్లాల కాగితం మీద నల్ల సిరాతో గీశాడు. చిత్తప్రసాద్ మిడ్నపూర్ జిల్లా తిరిగి, బొమ్మలతో పాటు ఊరూ, మనిషీ, వివరం రాసుకుని పుస్తకం వేస్తే బ్రిటిష్ వాళ్లు ప్రతులు పట్టుకుని తగలబెట్టారు. నాకు అన్నిటికంటే పనికొచ్చింది మాత్రం సోమనాథ్ హోర్. 1946లో ఉత్తర బెంగాల్‌లో భూస్వామి నేలను వాటాకు సాగుచేసే పాలికాపులు పంటలో సగం కాదు, మూడింట రెండొంతులు మాకు కావాలని తేభాగా పోరాటం చేసినప్పుడు ఆయన వాళ్ల మధ్య ఉండి బొమ్మల డైరీ రాశాడు. అక్కడ గొడవంతా కళ్లం గురించి. కోసిన పంట భూస్వామి కళ్లానికి పోతే కొలత వాడిది. అందుకే పాలికాపులు పంటను తమ కళ్లానికే తోలుకుపోయారు. కాటా ఎవరి చేతిలో ఉందన్నదే ప్రశ్న అని అది చదివాకే నాకు బాగా తలకెక్కింది.

ఆ పోరాటం నుంచి ఇంకోటి కూడా తీసుకున్నాను. నా ముందు కూర్చున్న మనిషి బొమ్మ అమ్ముడైతే మూడో వంతు ఆ మనిషికిస్తాను. రెండొంతులు ఇవ్వాలి కదా అని మా ఆవిడ ఎద్దేవా చేస్తుంది. ఆవిడకు నా దగ్గర జవాబు లేదు. మీరు ఎంతో కొంత ముందే అనుకోండి. రైతు దోపిడీ మీద బొమ్మ వేసి, ఆ రైతుకు కప్పు టీ పోసి పంపేసి, యాభై వేలకు అమ్ముకుంటే మనమూ ఆ గుర్రం మీద మనిషి పక్కన నిలబడ్డట్టే.

ఇప్పుడు కొంచెం ఇబ్బందిగా ఉండే మాట. మీ నాన్నగారు తూకంలో పోగొట్టుకున్నది గీస్తారు, మంచిదే. ఉభాలకు, అంటే వరినాట్లకు, ఆయన పిలిచిన ఆడకూలీకి ఎంతిస్తారు, మగకూలీకి ఎంతిస్తారు? ఆ తేడా కూడా గీస్తారా? విమర్శ మిల్లు దగ్గరే ఆగిపోతే అది సగం విమర్శ. నేను పదిహేనేళ్లు రైతు అంటే తలపాగా మగాడినే గీశాను. ఆకు తీసేది, ఉభాలు వేసేది, కలుపు తీసేది ఎవరో రోజూ చూస్తూనే.

ఆ తెలివి మా అత్తగారి వల్ల వచ్చింది. ఒకరోజు నా స్కెచ్‌బుక్ తిరగేసి, "పాసుబుక్కు నా పేరు మీద లేదు. మరి నేను రైతునా కాదా, బాబూ?" అని అడిగారు. ఆ ప్రశ్నతో ఒక వరస బొమ్మలు మొదలుపెట్టాను. ఒక్కోటి పట్టాదారు పాసుబుక్కు అంత సైజు. ఫొటో అంటించే చోటు ఖాళీ. ఆ ఖాళీ డబ్బా చుట్టూ ఆ మనిషి చేతులు మాత్రం వేశాను. బురదకు ఒరిసిన గోళ్లు, కొడవలి గాటు, మట్టిగాజులు. కింద పేరు ఉండాల్సిన చోట ఆమె ఏయే పనులు చేస్తుందో ఆమె చెప్పిన మాటల్లోనే. ఇరవై ఆరు బొమ్మలు అయ్యాయి. ఇద్దరు వాళ్ల చేతులు వేయొద్దన్నారు, వేయలేదు. ఒకావిడ వేయించుకున్నాక మర్నాడు వాళ్లాయనతో వచ్చి తీసేయమంది, ఇచ్చేశాను. ఎందుకని అడగలేదు.

కౌలు మీద కూడా కాగితమే వస్తువు. మన రాష్ట్రంలో 2019లో వచ్చిన పంట సాగుదారుల హక్కుల చట్టం కింద కౌలుదారుకు పదకొండు నెలలకు సాగు హక్కు పత్రం ఇస్తారు, కానీ దానికి భూమి యజమాని ఒప్పుకోవాలి. మీ ఇంట్లో మూడెకరాల కౌలు ఉంది కాబట్టి ఆ సంతకం కోసం ఎన్నిసార్లు తిరిగారో మీకు తెలిసే ఉంటుంది. కింద ఖాళీగా ఉన్న సంతకం గీత, దాని మీద పెరిగిన వరి. నేనైతే అలా మొదలుపెడతాను. మీ నాన్నగారు చెప్పే దాన్ని బట్టి ఇంకా మంచిది దొరుకుతుంది.

శ్రీకాకుళం జిల్లాలో కొబ్బరితోటల ప్రాంతం ఉద్దానం గురించి ఒక్కటి చెప్పాలి. 2018 అక్టోబరు 11న తిత్లీ తుపాను పలాస దగ్గర తీరం దాటింది. నెల తర్వాత వెళ్లి మూడు రోజులు పడిపోయిన కొబ్బరిచెట్లు గీశాను. ఇంటికొచ్చి చూస్తే అందంగా ఉన్నాయి. అదే బాధ. వరసగా ఒకే వైపు ఒరిగిన మానులు, వాటి నీడలు, కేలండర్ బొమ్మలా. చింపేశాను. రెండోసారి వెళ్లినప్పుడు ఒక పెద్దాయన ఇంటి గోడ మీద బొగ్గు గీతలు కనపడ్డాయి. పడిన చెట్టుకు ఒక గీత. కాపు మీదున్న దానికి పైన చిన్న వంపు. మొక్క అయితే పొట్టి గీత. లెక్క రాయడానికి వచ్చేవాళ్లకు చెప్పడానికని గీసుకున్నాడట. కొత్త మొక్క వేస్తే కాపుకు ఎన్నేళ్లు అన్నాను. ఆరేడేళ్లు అన్నాడు. తర్వాత తన వయసు లెక్కేసుకుని నవ్వాడు. నేను ఆ గోడను ఉన్నదున్నట్టు దించుకున్నాను, కొత్త గీతలేవీ వేయలేదు. ప్రతి వరస కింద ఆయన వయసు మాత్రం రాశాను, 71, 72, 73, అలా 78 దాకా. అది ఇప్పటికీ నా దగ్గరే ఉంది, అమ్మలేదు.

సీతంపేట వైపు సవర గిరిజనుల గోడబొమ్మలు చూసి చాలామంది కుర్రాళ్లు ఆ పద్ధతిలో రైతు బొమ్మలు వేస్తామంటారు. ఎర్రమట్టి అలికిన గోడ మీద బియ్యప్పిండితో వేసే ఆ బొమ్మలకు పూజ ఉంది, పెద్దల ఆత్మల కోసం వేసేవి ఉన్నాయి. మనది కాని మొక్కును డిజైన్‌గా వాడుకోవడం నాకు నచ్చదు. నేర్చుకోవాలంటే వెళ్లి వాళ్ల దగ్గర కూర్చోండి.

రంగులే వాడాలని కూడా లేదు. ఆగ్నెస్ డేనెస్ అనే ఆవిడ 1982లో న్యూయార్క్‌లో, డబ్బు వ్యాపారమంతా నడిచే వాల్ స్ట్రీట్ దగ్గర పూడ్చిన నేల మీద రెండెకరాల గోధుమ పండించి కోసింది. మధ్యప్రదేశ్‌లోని పరడ్‌సింగాలో శ్వేతా భట్టడ్, ఆవిడతో పనిచేసేవాళ్లు పొలాన్నే కాన్వాసు చేసుకున్నారు. మీకు ఐదెకరాల చేను చేతిలో ఉంది. నాన్నగారు ఒప్పుకుంటే అరసెంటు మడి చాలు.

గ్యాలరీ గురించి ఎక్కువ చెప్పను. వేయండి, అమ్మండి, బతకాలి కదా. ఊళ్లో సరిదిద్దించుకున్న బొమ్మను అక్కడికి తీసుకెళ్తే మీరు తడబడరు. రీల్స్ పెడతారేమో, పెట్టేటప్పుడు ఊరి పేరు, మనుషుల మొహాలు తీసేసి పెట్టండి. సున్నం గోడ కథ గుర్తుంది కదా.

సామగ్రి సంగతి. గోడ మీద సంక్రాంతి తర్వాతే మొదలుపెట్టండి, వానలు పడేలోపు ఆరి గట్టిపడుతుంది. కానీ జనం కళ్లం దగ్గర చేరేది అంతకుముందే. అందుకే గుడ్డ మీద వేసుకుని పట్టుకెళ్లడం మేలు. గోనె అయితే పలచటి ఫెవికాల్ నీళ్లు ఒక పూత పూసి, పూర్తిగా ఆరనిచ్చి, చాక్ పౌడరూ ఫెవికాలూ కలిపి రెండు పూతలు. మడత పెట్టొద్దు, పగులుతుంది, చుట్టండి. ఈ మధ్య ధాన్యానికి వాడే తెల్ల ప్లాస్టిక్ సంచులు చూడ్డానికి బాగుంటాయి గానీ వాటి మీద రంగు నిలవదు, గోటితో గీస్తే ఊడొస్తుంది. నేను ఒక వర్షాకాలమంతా వాటితో తిప్పలు పడ్డాను.

తక్కువ ఖర్చులో ఎక్కువ మందికి చేరాలంటే లినోకట్, అంటే మెత్తటి షీటు మీద బొమ్మ చెక్కి, రంగు పూసి అచ్చు తీయడం. ఒక అచ్చు చెక్కితే రెండొందల కాగితాలు తీయొచ్చు, ఎరువుల కొట్టు దగ్గర పంచొచ్చు. లినో షీటు మన వైపు దొరకదు. విజయనగరంలో చెప్పులు కుట్టేవాళ్లకు సరుకు అమ్మే కొట్లలో మెత్తటి సోలు రబ్బరు దొరుకుతుంది, నేను దాన్నే వాడతాను. అంకెలు చెక్కేటప్పుడు తిరగేసి చెక్కడం మర్చిపోకండి. మొదటి అచ్చులో నా 80 తిరగబడి, సున్నా ముందుకొచ్చి కూర్చుంది. కొట్టు దగ్గర ఒక రైతు చూసి, "మాకు మిగిలేది కరెక్టుగా రాశావు" అన్నాడు.